భాగం 14: తండ్రి ఇచ్చిన బలం, కొడుకు మోసిన బరువు – 'ఇన్విన్సిబుల్' యానిమేషన్ ధారావాహిక: విమర్శనాత్మక పరిశీలన

14.0 లక్ష్యాలు

ఈ భాగం చదివిన తరవాత మీరు
• సూపర్‌హీరో కథల్లో 'పర్యవసానం' అనే అంశం ఎలా మారుతూ వచ్చిందో వివరించగలుగుతారు.
• 'ఇన్విన్సిబుల్' ధారావాహికలో కథ చెప్పే క్రమం, కథ అర్థాన్ని ఎలా మార్చిందో చెప్పగలుగుతారు.
• తండ్రి నుంచి కొడుక్కు వచ్చే వారసత్వంలో తిరస్కరించగలిగినదేదో, తిరస్కరించలేనిదేదో ఉదాహరణలతో విశ్లేషించగలుగుతారు.
• ఈ ధారావాహిక పరిమితులను గుర్తించి, మీ సొంత అభిప్రాయాన్ని ఆధారాలతో రాయగలుగుతారు.

14.1 పరిచయం

ఇంతకుముందు భాగాల్లో నవలనూ నాటకాన్నీ విమర్శించే పద్ధతులు తెలుసుకున్నారు. వస్తువు, కథన క్రమం, పాత్రచిత్రణ, సన్నివేశ నిర్మాణం అనే అంశాలను ఎలా విడదీసి చూడాలో నేర్చుకున్నారు. ఆ పద్ధతులనే ఈ భాగంలో ఒక యానిమేషన్ ధారావాహికకు అన్వయించి చూద్దాం.

బొమ్మల కథ అనగానే అది పిల్లల కోసమే అనుకోవడం మనకు అలవాటు. సూపర్‌హీరో కథ అంటే మరీ తేలిక. దుష్టుడు వస్తాడు, వీరుడు కొడతాడు, నగరం నిలుస్తుంది, కథ ముగుస్తుంది. మరి కూలిపోయిన భవనాల్లో ఎవరున్నారు? ఆ మర్నాడు వారి ఇళ్ళలో ఏం జరిగింది? ఈ ప్రశ్నలు సాధారణంగా కథ బయటే ఉండిపోతాయి. 'ఇన్విన్సిబుల్' ఆ ప్రశ్నలను కథలోకి తెచ్చింది. నష్టం చేసినవాడు కన్నతండ్రే అయినప్పుడు కొడుకు ఏం చేయాలి అన్న మరో ప్రశ్నను వాటికి జోడించింది. మనం విమర్శకు తీసుకోదగ్గ విషయం ఇక్కడే ఉంది.

మీరు ఈ ధారావాహికను చూసి ఉండకపోయినా ఫరవాలేదు. విశ్లేషణకు కావలసినంత కథ ఈ భాగంలోనే ఉంది. చూడదలచినవారు ఒక విషయం గుర్తుంచుకోండి. ఇది పెద్దల కోసం తీసినది. హింస చాలా తీవ్రంగా కనిపిస్తుంది. పిల్లల పక్కన కూర్చుని చూడదగ్గది కాదు.

14.2 నేపథ్యం

'ఇన్విన్సిబుల్' అంటే అజేయుడు. ఇది మొదట కామిక్ పుస్తకంగా వచ్చింది. రాబర్ట్ కిర్క్‌మన్ రచన, కోరీ వాకర్ చిత్రాలతో అమెరికాలో ఇమేజ్ కామిక్స్ సంస్థ 2003లో ప్రచురణ ప్రారంభించింది. కొద్ది సంచికల తరవాత చిత్రకారుడిగా ర్యాన్ ఓట్లీ వచ్చి ఎక్కువ భాగం గీశాడు. 2018లో 144వ సంచికతో కథ ముగిసింది. దీని ఆధారంగా తీసిన యానిమేషన్ ధారావాహిక ప్రైమ్ వీడియోలో 2021 మార్చిలో మొదలైంది. మొదటి మూడు సీజన్లలో ఒక్కోదానికి ఎనిమిది ఎపిసోడ్లు. కథానాయకుడు మార్క్‌కు స్టీవెన్ యెన్, తండ్రి నోలన్‌కు జె.కె. సిమన్స్, తల్లి డెబ్బీకి సాండ్రా ఓ గొంతు ఇచ్చారు. ఈ భాగంలో మొదటి మూడు సీజన్లనే పరిశీలిస్తాం.

ఈ కథ ఏ సంప్రదాయం నుంచి వచ్చిందో కొంచెం చూద్దాం. 1938లో జెర్రీ సీగెల్, జో షుస్టర్ సృష్టించిన సూపర్‌మ్యాన్ వేరే గ్రహం నుంచి భూమికి వచ్చిన పసివాడు. ఇక్కడి మనుషుల పెంపకంలో పెరిగి వారికి రక్షకుడయ్యాడు. 1962లో వచ్చిన స్పైడర్‌మ్యాన్ కథలో పర్యవసానం అనే అంశం గట్టిగా ప్రవేశించింది. పట్టుకోగలిగి కూడా అతడు వదిలేసిన దొంగే తరవాత అతడి పెదనాన్న లాంటి అంకుల్ బెన్‌ను చంపుతాడు. అయితే ఆ పర్యవసానం ఒక గుణపాఠం. కథ మొదట్లో ఒకసారి జరిగి, వీరుణ్ణి తయారుచేసి పక్కకు తప్పుకుంటుంది. 1986–87లో అలాన్ మూర్, డేవ్ గిబ్బన్స్ వెలువరించిన 'వాచ్‌మెన్', అసలు ఇంత బలం కొందరి చేతుల్లో ఉండవచ్చా అని అడిగింది.

'ఇన్విన్సిబుల్' ఈ మూడింటినీ కలుపుకొని వేరే దారి పట్టింది. వేరే గ్రహం నుంచి వచ్చినవాడు ఇక్కడ కథానాయకుడు కాదు, అతడి తండ్రి. రక్షకుడిగా కనిపించే ఆ తండ్రి నిజానికి భూమిని ఆక్రమణకు సిద్ధం చేయడానికి వచ్చినవాడు.

14.3 కథ సంగ్రహంగా

మార్క్ గ్రేసన్ పదిహేడేళ్ళ కుర్రవాడు. బడికి వెళ్తాడు, బర్గర్ల దుకాణంలో పని చేస్తాడు. తండ్రి నోలన్ లోకానికి 'ఓమ్నీ-మ్యాన్'గా తెలిసిన మహాబలుడు, విల్ట్రమ్ గ్రహవాసి. తల్లి డెబ్బీ మామూలు మనిషి, ఇళ్ళు అమ్మిపెట్టే ఉద్యోగం చేస్తుంది. తనకెప్పుడు శక్తులు వస్తాయా అని మార్క్ ఎదురుచూస్తుంటాడు. ఒకరోజు దుకాణం వెనక చెత్త సంచిని విసిరితే అది ఆకాశంలోకి ఎగిరిపోతుంది. శక్తులు వచ్చాయని అలా తెలుస్తుంది.

మొదటి ఎపిసోడ్ దాదాపు చివరిదాకా ఇది సరదా కుటుంబ కథే. చివరి నిమిషాల్లో నోలన్, భూమిని కాపాడే 'గార్డియన్స్ ఆఫ్ ద గ్లోబ్' బృందాన్ని పిలిపించి ఒక్కొక్కరినీ చంపేస్తాడు. ఎందుకో ఎనిమిదో ఎపిసోడ్‌లో కొడుక్కు తానే చెబుతాడు. విల్ట్రమైట్లు వేల ఏళ్ళు బతుకుతారు. తమలోని బలహీనులను తామే చంపుకొని సామ్రాజ్యాన్ని కట్టుకున్నారు. భూమి ఆ సామ్రాజ్యంలో చేరవలసిన మరో గ్రహం. ఈ పనిలో నాతో కలిసి రా అని కొడుకును పిలుస్తాడు. కొడుకు కాదంటాడు. ఆ తరవాత తండ్రి కొడుకును చావుదెబ్బలు కొడతాడు. వారి పోరాటంలో షికాగో నగరంలో వేలమంది చనిపోతారు. చంపవలసిన క్షణంలో చంపలేక, ఏడుస్తూ నోలన్ భూమిని వదిలి వెళ్ళిపోతాడు.

14.4 కథన క్రమం: రహస్యాన్ని ముందే చెప్పడం

కామిక్‌లో గార్డియన్ల హత్య ఏడో సంచికలో వస్తుంది. అప్పటిదాకా పాఠకులు నోలన్‌ను మంచివాడిగానే చూస్తారు. ధారావాహిక ఆ సంఘటనను మొదటి ఎపిసోడ్ చివరికి జరిపింది. ఈ ఒక్క మార్పుతో కథ స్వభావమే మారిపోయింది.

కారణం ఇది. హంతకుడెవరో మనకు తెలుసు, మార్క్‌కు తెలియదు. పాత్రకు తెలియనిది ప్రేక్షకుడికి తెలిసి ఉండటాన్ని నాటకీయ వ్యంగ్యం అంటారని నాటకం గురించిన భాగంలో చదివారు. ఇక్కడ ఆ వ్యంగ్యం ఆరేడు ఎపిసోడ్ల పాటు సాగుతుంది. నోలన్ కొడుక్కు ఎగరడం నేర్పుతున్నప్పుడు, భోజనాల బల్ల దగ్గర ముగ్గురూ నవ్వుకుంటున్నప్పుడు, మనం అతడి చేతులకేసి చూస్తూ ఉంటాం. కుటుంబ దృశ్యాలన్నీ ఒకేసారి నిజమైనవిగా, అబద్ధమైనవిగా కనిపిస్తాయి. 'ఇతడు కొడుకును ప్రేమిస్తున్నాడా, నటిస్తున్నాడా?' అన్న ప్రశ్న మొదటి సీజన్‌ను నడిపిస్తుంది. చివరికి దొరికే జవాబు ఇంకా కష్టమైనది. అతడు నిజంగానే ప్రేమించాడు, అయినా ఆ పని చేశాడు.

ఒక చిన్న చిత్రీకరణ విశేషం కూడా గమనించండి. ప్రతి ఎపిసోడ్‌లోనూ ఎవరో 'ఇన్విన్సిబుల్' అనే పేరు పలకబోయే చోట మాట తెగి, ఆ పేరు శీర్షికగా తెర నిండా వస్తుంది. మొదటి సీజన్ సాగేకొద్దీ ఆ అక్షరాల మీద రక్తపు మరకలు పెరుగుతూ పోతాయి. అజేయుడనే పేరున్నవాడు దాదాపు ప్రతి పెద్ద పోరులోనూ చావు అంచుదాకా వెళ్ళి వస్తాడు. పేరుకూ అనుభవానికీ ఉన్న ఈ దూరాన్ని శీర్షికే చూపిస్తోంది.

14.5 పర్యవసానాలు: ముగిసిపోని సంఘటనలు

సాధారణ సూపర్‌హీరో ధారావాహికలో ఒక ఎపిసోడ్‌లో జరిగింది ఆ ఎపిసోడ్‌లోనే ముగుస్తుంది. ఇక్కడ అలా ముగియదు. నాలుగు ఉదాహరణలు చూడండి.

మొదటిది అంగారక యాత్ర. వ్యోమగాములకు కాపలాగా వెళ్ళిన మార్క్ కాస్త అశ్రద్ధ చూపుతాడు. ఒక వ్యోమగామి పరాన్నజీవుల లాంటి సీక్విడ్ల మధ్య అక్కడే చిక్కుకుపోతాడు. అతడి రూపం ధరించిన అంగారకుడు భూమికి వస్తాడు. ఆ ఎపిసోడ్‌లో ఇది చివర వచ్చే చిన్న మలుపులా ఉంటుంది. రెండో సీజన్‌లో అదే భూమికి పెనుప్రమాదమై తిరిగి వస్తుంది.

రెండోది టైటన్ ఉదంతం. నేరముఠా నాయకుడి కింద నలుగుతున్న టైటన్, తన కుటుంబం కోసం సాయం చేయమని మార్క్‌ను అడుగుతాడు. మార్క్ జాలిపడి వెళ్తాడు. ఒళ్ళంతా విరిగి ఆస్పత్రి పాలవుతాడు. ముఠా నాయకుడు పోయాక ఆ కుర్చీలో టైటనే కూర్చుంటాడు. మంచి ఉద్దేశంతో చేసిన పని ఎవరికి లాభించిందో అప్పటికి మార్క్‌కు తెలియదు. మనకు తెలుస్తుంది.

మూడోది ఆంగ్‌స్ట్రమ్ లెవీ. అనేక సమాంతర ప్రపంచాల మధ్య తిరగగల ఈ మనిషి తన ప్రయోగంతో లోకానికి మేలు చేయాలనుకుంటాడు. ప్రయోగం మధ్యలో మార్క్ అడ్డుపడతాడు. ఆ గొడవలో జరిగిన పేలుడుతో లెవీ శరీరం, బుద్ధి రెండూ వికృతమవుతాయి. అతడు తల్లినీ పసివాడైన తమ్ముణ్ణీ బందీలుగా పట్టుకున్నప్పుడు, మార్క్ కోపంలో ఆగకుండా కొడుతూనే పోతాడు. ఆగి చూసేసరికి లెవీ కదలడు. 'తండ్రిలా కాను' అనుకున్నవాడి చేతులకు రక్తం అంటిన క్షణం అది. ధారావాహిక మొత్తంలో మార్క్ తనను తాను చూసి మొదటిసారి భయపడేది ఇక్కడే.

నాలుగోది పవర్‌ప్లెక్స్. మూడో సీజన్‌లో వచ్చే ఈ మనిషి అక్క చెల్లెళ్ళలో ఒకరినీ, మేనకోడలినీ షికాగో పోరాటంలో పోగొట్టుకున్నాడు. నోలన్ అందుబాటులో లేడు కాబట్టి అతడి కోపమంతా మార్క్ మీదకు మళ్ళుతుంది. మార్క్‌ను రప్పించడానికి తన భార్యాబిడ్డలనే బందీలుగా నటింపజేస్తాడు. చివరికి అతడి శక్తికే వారు బలైపోతారు. ఆ నేరాన్ని కూడా మార్క్ మీదే వేస్తాడు.

ఈ నాలుగింటినీ పక్కపక్కన పెట్టి చూడండి. మొదటిది అశ్రద్ధ ఫలితం, రెండోది దయ ఫలితం, మూడోది కోపం ఫలితం. నాలుగో దానిలో మార్క్ చేసిన తప్పే లేదు. అయినా నాలుగు బరువులూ అతడి మీదే పడ్డాయి. తప్పు చేసినందుకే బాధ్యత వస్తుందన్న మామూలు సూత్రాన్ని ఈ ధారావాహిక సరిపోదంటుంది. నీ బలం తగిలినచోట జరిగినదానికి నువ్వు జవాబు చెప్పవలసి వస్తుంది, అది న్యాయమైనా కాకపోయినా. ఇది సుఖమైన ఆలోచన కాదు. ధారావాహిక కూడా దీన్ని సుఖంగా చెప్పదు.

అవగాహన పరీక్ష – 1
1. గార్డియన్ల హత్యను మొదటి ఎపిసోడ్‌కు జరపడం వల్ల కథలో ఏం మారింది?
2. పై నాలుగు ఉదాహరణల్లో మార్క్ తప్పు లేనిది ఏది? అయినా బరువు అతడి మీద ఎందుకు పడింది?

14.6 ఒక దృశ్యాన్ని దగ్గరగా చదవడం: భూగర్భ రైలు

మొదటి సీజన్ చివరి ఎపిసోడ్‌లో ఒక దృశ్యం ఈ ధారావాహికకు గుండెకాయ వంటిది. మనుషులు అల్పాయుష్కులనీ, వారి బతుకులకు విలువ లేదనీ నోలన్ వాదిస్తాడు. కొడుకు ఒప్పుకోడు. అప్పుడు నోలన్ కొడుకును భూగర్భ రైలు మార్గంలోకి ఈడ్చుకెళ్ళి, ఎదురుగా వేగంగా వస్తున్న రైలుకు అడ్డంగా పట్టుకుని నిలబడతాడు. రైలు వారిని ఢీకొంటుంది. విల్ట్రమైట్ శరీరాలకు ఏమీ కాదు. రైలే వారి మీదుగా చీలిపోతుంది. లోపలి ప్రయాణికులందరూ చనిపోతారు.

ఈ దృశ్యంలో హింస ఎంత ఉందో అందరికీ కనిపిస్తుంది. ఆ హింసను ఎలా అమర్చారో మనం చూడాలి. నోలన్ ప్రయాణికులను తన చేతులతో చంపలేదు. కొడుకు శరీరాన్ని ఆయుధంగా వాడాడు. ఏ గట్టి శరీరం కోసం మార్క్ చిన్ననాటి నుంచీ ఎదురుచూశాడో, ఆ శరీరమే ఇక్కడ మనుషులను కోసే కత్తి అయింది. అతడు కదలలేదు, ఎవరినీ కొట్టలేదు. కేవలం విరగకుండా నిలిచాడు. ఆ విరగకపోవడమే వందమందికి మృత్యువైంది. అజేయుడు అన్న పేరుకు ఇంతకంటే క్రూరమైన వ్యాఖ్యానం ధారావాహికలో మరొకటి లేదు.

తండ్రి ఇక్కడ పాఠం చెబుతున్నాడన్నది కూడా గమనించండి. మొదటి ఎపిసోడ్‌లో నోలన్ కొడుక్కు శిక్షణ ఇస్తూ గట్టిగా కొడతాడు. దెబ్బ తినడం నేర్చుకోవాలన్నది అప్పటి పాఠం. రైలు దృశ్యం అదే పాఠానికి కొనసాగింపు. 'చూడు, వీళ్ళు ఎంత తేలిగ్గా పోతారో' అన్నది దాని సారం. పాఠం చెప్పే పద్ధతి ఒకటే, చెల్లించేవారు మారారు.

దీని తరవాత మరో దృశ్యం వస్తుంది. కొడుకు ముఖం గుర్తుపట్టలేనంతగా కొట్టాక, అయిదు వందల ఏళ్ళ తరవాత నీకు ఏం మిగులుతుంది అని నోలన్ అడుగుతాడు. నువ్వు మిగులుతావు నాన్నా అన్న అర్థం వచ్చేలా మార్క్ జవాబిస్తాడు. నోలన్‌కు చిన్ననాటి మార్క్ బేస్‌బాల్ ఆడిన రోజు గుర్తుకొస్తుంది. ఆనాడు ఆ ఆట అతడికి అర్థంలేనిదిగా తోచింది. భార్య పక్కన కూర్చుని అందులోని సంతోషాన్ని చూడమంది. కొడుకు బంతిని కొట్టినప్పుడు తానూ సంతోషించాడు. ఎత్తిన పిడికిలి అక్కడ ఆగిపోతుంది. అతడిని ఆపినది వాదన కాదు, బలమూ కాదు. లెక్కకు అందని ఒక మధ్యాహ్నం తాలూకు జ్ఞాపకం.

14.7 తండ్రి వారసత్వం: బలం, లెక్క

తండ్రి నుంచి మార్క్‌కు రెండు సంక్రమించాయి. ఒకటి బలం. దాన్ని తిరస్కరించడం అతడి చేతుల్లో లేదు. రెండోది మనుషులను లెక్కించే పద్ధతి. దాన్ని మాత్రం ఒప్పుకోవచ్చు, కాదనవచ్చు. ఈ భాగంలో మన వాదన ఇదే: 'ఇన్విన్సిబుల్' కథలో అసలు పోరాటం ఈ రెండో వారసత్వం మీద జరుగుతుంది.

కథలో మూడు రకాల లెక్కలు కనిపిస్తాయి. నోలన్‌ది ఆయుష్షు లెక్క. వేల ఏళ్ళు బతికేవాడి ముందు ఎనభై ఏళ్ళు బతికేవారు లెక్కలోకి రారు. ప్రభుత్వ రక్షణ సంస్థ అధిపతి సెసిల్ స్టెడ్‌మన్‌ది మొత్తం లెక్క. ఎంతమంది బతికారు అన్నదే అతడికి ముఖ్యం. అందుకోసం హంతకులనూ పనిలో పెట్టుకుంటాడు. యువకులను యంత్రమానవులుగా మార్చిన సింక్లెయిర్‌ను శిక్షించకుండా అతడి విద్యను వాడుకుంటాడు. మూడో సీజన్ ఆరంభంలో మార్క్ సెసిల్‌తో తెగతెంపులు చేసుకునేది దీని మీదే. డెబ్బీది మనిషి లెక్క. ఎదురుగా ఉన్న ఒక్కరిని పేరుతో, ముఖంతో గుర్తుపెట్టుకోవడం.

రెండో సీజన్ ఆరంభ దృశ్యం ఈ సందర్భంలో చాలా ముఖ్యం. అది మరో సమాంతర ప్రపంచం. అక్కడ మార్క్ తండ్రి పిలుపును ఒప్పుకున్నాడు. తండ్రీకొడుకులు కలిసి భూమిని అణచివేస్తున్నారు. చాలా ప్రపంచాల్లో మార్క్ ఇలాగే చేశాడని లెవీ ద్వారా తెలుస్తుంది. మూడో సీజన్‌లో అలాంటి మార్క్‌లు పద్దెనిమిది మంది ఈ ప్రపంచం మీదికి వచ్చి విధ్వంసం చేస్తారు. అదే ముఖం, అదే రక్తం, అదే బలం. ఒక్క 'కాదు' అన్న మాటే తేడా. మంచితనం అతడి స్వభావంలోనే ఉందన్న ఓదార్పును ధారావాహిక మనకు ఇవ్వదు. అది ఒక నిర్ణయం. మళ్ళీ మళ్ళీ తీసుకోవలసిన నిర్ణయం.

మనకు బాగా తెలిసిన ప్రహ్లాదుడి కథతో పోల్చి చూస్తే ఈ విషయం మరింత స్పష్టమవుతుంది. అక్కడా తండ్రి మహాబలుడు, తన దారిలోకి రమ్మంటాడు, కొడుకు కాదంటాడు, తండ్రి హింసిస్తాడు. రెండు తేడాలున్నాయి. ప్రహ్లాదుడికి తండ్రిని మించిన అండ ఉంది. చివరికి స్తంభంలోంచి వచ్చి తీర్పు చెప్పేవాడు ఉన్నాడు. మార్క్‌కు అలాంటి స్తంభం లేదు. రెండోది, ఆ కథలో తండ్రి కోపం ప్రధానంగా కొడుకు మీదే పడుతుంది. ఈ కథలో కొడుకు 'కాదు' అన్నందుకు మూల్యం దారిన పోయేవారు చెల్లిస్తారు. అందుకే మార్క్‌కు తన నిరాకరణ గర్వకారణం కాలేదు.

వారసత్వం మార్క్‌తో ఆగదు. భూమిని వదిలిన నోలన్ థ్రాక్సా అనే గ్రహం చేరతాడు. అక్కడి జీవులు కొద్దికాలమే బతుకుతారు. వారికి పాలకుడై, వారిలో ఒకామెను పెళ్ళాడి, కొడుకును కంటాడు. ఆయుష్షును బట్టి విలువ కట్టినవాడు అతి తక్కువ ఆయుష్షు గలవారిని కాపాడటానికి తన జాతివారితోనే పోరాడి బందీ కావడం, అతడి మార్పుకు రచయితలు వేసిన కొలత. ఆ బిడ్డ ఆలివర్‌ను మార్క్ ఇంటికి తెస్తాడు, డెబ్బీ పెంచుతుంది. త్వరగా ఎదిగిన ఆలివర్ 'కిడ్ ఓమ్నీ-మ్యాన్' అని తండ్రి పేరే పెట్టుకుంటాడు. మాలర్ కవలలనే నేరస్థులను చంపేసి, వాళ్ళు బతికుంటే ఇంకెందరినో చంపేవారు కదా అని అన్నను నిలదీస్తాడు. తండ్రి దగ్గర పెరగని పిల్లవాడు ఈ లెక్క ఎక్కడ నేర్చుకున్నాడు? ధారావాహిక సూటిగా జవాబు చెప్పదు. తమ్ముడికి సమాధానం చెప్పలేక నిలబడ్డ మార్క్‌ను మాత్రం చూపిస్తుంది. నిన్నటిదాకా కొడుకుగా ప్రశ్నించినవాడు, ఇవాళ పెద్దవాడిగా జవాబు చెప్పవలసి వచ్చింది.

ఉద్యోగాలు చేస్తూ, పిల్లలను పెంచుతూ ఈ పాఠాలు చదువుతున్నవారు మీలో చాలామందే ఉంటారు. మన పెద్దల కోపమూ మొండితనమూ మన గొంతులోనే హఠాత్తుగా వినబడిన అనుభవం మీకు కొత్త కాకపోవచ్చు. ఈ కథను పరగ్రహాల కథగా కాక ఇంటి కథగా చదవడానికి ఆ అనుభవమే మీకు దారి చూపుతుంది.

14.8 డెబ్బీ: బలం లేని పాత్ర బలం

పోరాటాల మధ్య సులభంగా మరుగునపడే పాత్ర డెబ్బీ. మొదటి సీజన్‌లో నోలన్ రక్తపు మరకల దుస్తులను కనిపెట్టి, నిజాన్ని సొంతంగా తేల్చుకునేది ఆమె. అదే సీజన్ చివర, ఆమె తనకు పెంపుడు జంతువు లాంటిదని నోలన్ కొడుకుతో అంటాడు. ఇరవై ఏళ్ళ కాపురానికి ఆ ఒక్క పోలికతో విలువ కట్టేస్తాడు.

రెండో సీజన్‌లో ఆమె, సూపర్‌హీరోల జీవిత భాగస్వాములు కలుసుకుని కష్టసుఖాలు చెప్పుకునే బృందంలో చేరుతుంది. అక్కడ ఒకతను, నోలన్ చేతిలో చనిపోయిన గార్డియన్ భర్త. ఆమె ఎవరి భార్యో తెలిశాక అతడి దుఃఖం కోపంగా మారుతుంది. డెబ్బీ ఎవరినీ చంపలేదు. ఆమె కూడా మోసపోయిన మనిషే. అయినా అతడి కోపం అర్థం చేసుకోదగ్గదే. ఒక గది, కొన్ని కుర్చీలు, ఇద్దరి దుఃఖం తప్ప ఏమీ లేని ఈ దృశ్యం, నగరాలు కూలే దృశ్యాల కంటే పర్యవసానాన్ని బాగా చెబుతుంది. ఆ తరవాత భర్తకు మరొకరి వల్ల పుట్టిన బిడ్డను ఆమె పెంచడానికి ఒప్పుకోవడం త్యాగంలా చూపలేదు. ముందు సంకోచిస్తుంది, తరవాత ఆ పనిలో దిగుతుంది. మార్క్‌కు తల్లి నుంచి వచ్చిన వారసత్వం ఇదే. తెర మీద దీనికి ఎగిరే శక్తి లేదు కాబట్టి, విమర్శకులు దీన్ని ప్రత్యేకంగా ఎత్తి చూపాలి.

అవగాహన పరీక్ష – 2
1. నోలన్, సెసిల్, డెబ్బీ – ఈ ముగ్గురి 'లెక్కల' మధ్య తేడా ఏమిటి?
2. రైలు దృశ్యంలో మార్క్ శరీరం ఏ పాత్ర వహించింది?

14.9 పరిమితులు

మంచి రచనలోని లోపాలు చెప్పడం కూడా విమర్శలో భాగమే. ఈ ధారావాహికలో మూడు లోపాలు ముఖ్యమైనవి.

ఒకటి, హింసను ఖండించే కథ హింసను ఆకర్షణగానూ వాడుకుంటుంది. రైలు దృశ్యంలో రక్తానికి అర్థం ఉంది. కానీ తల పగలడం, పేగులు బయటపడటం పదేపదే కనిపించేసరికి ప్రేక్షకుడు చలించడం మానేసి, ఈసారి ఎంత ఘోరంగా ఉంటుందో అని ఎదురుచూడటం మొదలుపెడతాడు. చనిపోయినవారిని లెక్కలోకి తీసుకోమనే కథకు ఇది ఎదురుదెబ్బ.

రెండు, తిరుగులేని పర్యవసానాల గురించి చెప్పే కథలో చావులు తిరుగులేనివి కావు. మొదటి ఎపిసోడ్‌లో చనిపోయిన ఇమ్మోర్టల్ పేరుకు తగ్గట్టే తిరిగి లేస్తాడు. అంతకంటే నష్టం చేసేది లెవీ తిరిగిరావడం. ఒక మనిషిని చంపానన్న భారంతో మార్క్ కుంగిపోయాక, లెవీ చావలేదని మూడో సీజన్‌లో తెలుస్తుంది. కథకు శత్రువు దొరికాడు గానీ, రెండో సీజన్ ముగింపు బరువు సగం తగ్గింది. పైగా, చంపకుండా వదలడమే ప్రమాదమన్న కొత్త అర్థం దానికి వచ్చి చేరింది. మూడో సీజన్ చివర కాంక్వెస్ట్‌తో భీకరపోరు తరవాత, తనవారిని బెదిరించేవారిని ఇక ఉపేక్షించనని మార్క్ తీర్మానించుకోవడం దీని ఫలితమే. ఇది ఎదుగుదలా, తండ్రి దారిలో మొదటి అడుగా అన్నది ధారావాహిక తెరిచే ఉంచింది.

మూడు, షికాగోలో చనిపోయిన వేలమందిలో మనకు తెలిసినవారు చాలా తక్కువ. పవర్‌ప్లెక్స్ కథ ఆ లోటు తీర్చబోయింది. అయితే బాధితుడిని వెంటనే ఉన్మాది చేసేయడంతో అతడి ప్రశ్న బలహీనపడింది. శాంతంగా వచ్చి అదే ప్రశ్న అడిగే మనిషిని ఎదుర్కోవడం మార్క్‌కు ఇంకా కష్టమయ్యేది. కథకూ మేలయ్యేది.

14.10 సారాంశం

2003–2018 నాటి కామిక్ ఆధారంగా 2021లో మొదలైన 'ఇన్విన్సిబుల్', సూపర్‌హీరో కథ బయట ఉండిపోయే నష్టాన్ని కథ మధ్యకు తెచ్చింది. గార్డియన్ల హత్యను మొదటి ఎపిసోడ్‌లోనే చూపి, కుటుంబ దృశ్యాలను అనుమానంతో చూసేలా చేసింది. అంగారక యాత్ర, టైటన్, లెవీ, పవర్‌ప్లెక్స్ ఉదంతాల్లో పర్యవసానం తప్పుకు శిక్షగా కాక బలానికి నీడగా వస్తుంది. తండ్రి ఇచ్చిన బలాన్ని మార్క్ కాదనలేడు. మనుషులను లెక్కించే తండ్రి పద్ధతిని కాదనగలిగాడు. అయితే ఆ నిర్ణయం ఒక్కసారితో తీరేది కాదని ఆలివర్, కాంక్వెస్ట్ ఉదంతాలు చూపుతాయి. హింసను ఆకర్షణగా వాడుకోవడం, చావుల బరువును తగ్గించడం దీని ప్రధాన లోపాలు.

14.11 మాదిరి పరీక్ష ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు ఒక్కొక్కదానికి 30 పంక్తుల్లో సమాధానం రాయండి.
1. 'ఇన్విన్సిబుల్' ధారావాహికలో పర్యవసానాల చిత్రణను ఉదాహరణలతో విశ్లేషించండి.
2. వారసత్వంలో 'బలం', 'లెక్క' అనే విభజన ఎంతవరకు సమంజసం? ఆలివర్ పాత్ర ఆధారంగా చర్చించండి.

II. కింది ప్రశ్నలకు ఒక్కొక్కదానికి 10 పంక్తుల్లో సమాధానం రాయండి.
1. రైలు దృశ్యం ప్రాముఖ్యాన్ని వివరించండి.
2. డెబ్బీ పాత్ర ఈ కథకు ఎందుకు అవసరం?
3. లెవీ బతికి ఉండటం కథకు లాభమా, నష్టమా? మీ అభిప్రాయం రాయండి.

III. చేసి చూడండి
మీకు నచ్చిన ఏదైనా తెలుగు సినిమాలో ఒక పోరాట దృశ్యాన్ని ఎంచుకోండి. అందులో వీరుడు, ప్రతినాయకుడు కాక ఇంకెవరెవరికి నష్టం జరిగిందో రాయండి. ఆ నష్టాన్ని సినిమా తరవాత ఎక్కడైనా గుర్తు చేసుకుందా? గుర్తు చేసుకోకపోతే, ఏ సన్నివేశంలో ఎలా గుర్తు చేసుకుని ఉండవచ్చో ఒక పేరాలో రాయండి. సంపర్క తరగతికి వచ్చేటప్పుడు మీ రాతను తెచ్చి తోటి విద్యార్థులతో చర్చించండి.